నెట్ లేని చోట కన్సోల్ గేమ్స్ ఆడాలంటే, బయల్దేరే ముందే చేసుకోవాల్సిన పనులన్నీ

రెండేళ్ళ క్రితం సంక్రాంతికి హైదరాబాద్ నుంచి కోనసీమలో మా ఊరికి కన్సోల్, అదే టీవీకి తగిలించి గేమ్స్ ఆడే పెట్టె, పట్టుకెళ్ళా. బట్టల మధ్యలో చుట్టి, బస్సులో కాళ్ళ దగ్గర పెట్టుకుని, రాత్రంతా బ్యాగ్ మీద ఒక చెయ్యి వేసుకునే పడుకున్నా. భోగి మంట దగ్గర నుంచి వచ్చి పిల్లలందరూ టీవీ ముందు చాప వేసుకుని కూర్చున్నారు, కన్సోల్ ఆన్ అయింది, గేమ్ కనిపించింది, మా అన్నయ్య కొడుకు కంట్రోలర్ పట్టుకుని "బాబాయ్, దీని మీద తాళం పడిందేంటి?" అన్నాడు. చూస్తే నిజంగానే గేమ్ బొమ్మ మీద చిన్న తాళం గుర్తు. డబ్బులు పెట్టి కొన్న గేమ్, వంద జీబీ పూర్తిగా డౌన్‌లోడ్ అయి లోపలే ఉంది, అయినా తెరుచుకోలేదు. ఆ ఊళ్ళో మా ఇంట్లో ఫోన్ మాట్లాడాలంటేనే దాబా ఎక్కాలి, ఇంక నెట్ సంగతి చెప్పక్కర్లేదు. ఆ పిల్లల మొహాలు నాకింకా గుర్తున్నాయి, అందుకే ఇదంతా ఓపిగ్గా రాస్తున్నా, మీకు ఆ పరిస్థితి రాకూడదని.

ముందు ఒక్క విషయం బుర్రలో పెట్టుకోండి, మిగతాదంతా దాని చుట్టూనే తిరుగుతుంది. గేమ్ డౌన్‌లోడ్ అవడం వేరు, దాన్ని ఆడే లైసెన్స్ ఆ కన్సోల్‌లో ఉండడం వేరు. గాదె నిండా ధాన్యం ఉంది కానీ తాళంచెవి పక్కూళ్ళో ఉండిపోయినట్టు. నెట్ ఉన్నంతసేపూ కన్సోల్ గేమ్ తెరిచే ముందు సర్వర్‌ని అడిగి తాళం తీయించుకుంటుంది కాబట్టి మనకి ఈ తేడా తెలియదు. నెట్ పోయిన రోజే బయటపడుతుంది. 2025 ఫిబ్రవరి 8న, శనివారం పూట, ప్లేస్టేషన్ నెట్‌వర్క్ (సోనీ ప్లేస్టేషన్ కన్సోల్స్ వాడే సర్వర్లు) ప్రపంచమంతా దాదాపు 24 గంటలు పడిపోయింది, ఆ రోజు ఇంట్లో ఫైబర్ నెట్ శుభ్రంగా ఉన్నవాళ్ళు కూడా ఈ తాళం చూశారు. అదే ఆఫ్‌లైన్ సెట్టింగ్ సరిగ్గా పెట్టుకున్నవాళ్ళు మాత్రం ఒంటరిగా ఆడే గేమ్స్ హాయిగా ఆడుకున్నారు. కాబట్టి ఊరికి వెళ్ళేవాళ్ళకే కాదు, ఇంట్లో ఉండేవాళ్ళకి కూడా ఇది పనికొస్తుంది.

మొదటి పని: అసలు ఆ గేమ్ నెట్ లేకుండా నడుస్తుందా చూసుకోండి

కొన్ని గేమ్స్‌కి మనమేం చేసినా నెట్ కావాల్సిందే. ఫోర్ట్‌నైట్, డెస్టినీ 2, గెన్షిన్ ఇంపాక్ట్ లాంటివి అందరికీ తెలిసినవే. తెలియకుండా ముంచేవి వేరే ఉన్నాయి, పైకి ఒంటరిగా ఆడుకునేవిలా కనిపిస్తాయి కానీ సర్వర్ లేకపోతే కదలవు. గ్రాన్ టురిస్మో 7 చూడండి, కార్ల గేమ్ కదా నాకు ఎవరితో పనుందిలే అనుకుంటాం, కానీ అందులో ఎక్కువ భాగం నెట్ లేకుండా తెరుచుకోదు, 2022 మార్చిలో దాని సర్వర్ మెయింటెనెన్స్ 30 గంటలు దాటినప్పుడు ఆ గేమ్ కొన్నవాళ్ళందరూ అలా కూర్చోవాల్సి వచ్చింది. డయాబ్లో 3 కన్సోల్‌లో నెట్ లేకుండా ఆడొచ్చు, డయాబ్లో 4 ఆడలేం, ఒకే సిరీస్‌లోనే ఇంత తేడా. కాల్ ఆఫ్ డ్యూటీ బ్లాక్ ఆప్స్ 6 అయితే కథ నడిచే క్యాంపెయిన్‌కి కూడా నెట్ అడుగుతుంది. 2014లో వచ్చిన ద క్రూ గేమ్ సర్వర్లు 2024 మార్చి 31న ఆపేశారు, డిస్క్ చేతిలో ఉన్నవాళ్ళకి కూడా ఇప్పుడది కన్సోల్‌లో ఆడే దారి లేదు.

ఫుట్‌బాల్ గేమ్స్‌లో సగం సగం ఉంటుంది, ఈఏ ఎఫ్‌సీలో అల్టిమేట్ టీమ్ నెట్ లేకుండా రాదు, కానీ కిక్ ఆఫ్, కెరీర్ మోడ్ వస్తాయి, ఇద్దరు పక్కపక్కన కూర్చుని ఆడుకోవడానికి అవి చాలు. జీటీఏ 5లో స్టోరీ వస్తుంది, ఆన్‌లైన్ రాదు. గాడ్ ఆఫ్ వార్, స్పైడర్‌మ్యాన్, ఘోస్ట్ ఆఫ్ సుషిమా, ఎల్డెన్ రింగ్, విచర్ 3, రెడ్ డెడ్ రిడెంప్షన్ 2 స్టోరీ, స్టార్‌డ్యూ వ్యాలీ, హేడీస్, ఇవన్నీ నెట్ మొహం చూడకుండా నెలల తరబడి ఆడుకోవచ్చు. ఇంటిల్లిపాదీ ఉన్న చోటికి వెళ్తుంటే మాత్రం ఇట్ టేక్స్ టూ లాంటిది ఒకటి పెట్టుకోండి, ఒకే టీవీ మీద ఇద్దరు ఆడేది, దానికీ నెట్ అక్కర్లేదు.

కొనే ముందే తెలుసుకోవాలంటే ప్లేస్టేషన్ స్టోర్‌లో ఆ గేమ్ పేజీలో చూడండి, 'ఆఫ్‌లైన్ ప్లే ఎనేబుల్డ్' అనో 'ఆన్‌లైన్ ప్లే రిక్వైర్డ్' అనో రాసి ఉంటుంది. నింటెండో స్విచ్‌లో గేమ్ పేరు పక్కన 'క్లౌడ్ వెర్షన్' అని ఉంటే దాని జోలికి పోకండి, ఆ గేమ్ మీ కన్సోల్‌లో ఉండనే ఉండదు, ఎక్కడో సర్వర్‌లో నడిచి వీడియోలా మనకి వస్తుంది.

రెండో పని: కన్సోల్‌ని మీ అకౌంట్‌కి సొంతిల్లు చేయండి

ఇదే అసలు పని. నేను ఆ సంక్రాంతికి దెబ్బతిన్నది ఇక్కడే. పాత కన్సోల్ అమ్మేసి కొత్తది కొన్నా, కానీ నా అకౌంట్ మాత్రం ఆ అమ్మేసిన దాన్నే ఇంకా సొంతిల్లు అనుకుంటోంది. సెట్టింగ్ మార్చాలన్న సంగతే నాకప్పటికి తెలియదు.

పీఎస్5లో, అంటే ప్లేస్టేషన్ 5లో, సెట్టింగ్స్‌లోకి వెళ్ళి యూజర్స్ అండ్ అకౌంట్స్, అందులో అదర్, అందులో 'కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే' అని ఉంటుంది. అది ఎనేబుల్ అయి ఉండాలి. చాలామందికి మొదటిసారి లాగిన్ అయినప్పుడే ఆన్ అయిపోయి ఉంటుంది, అయినా కళ్ళతో చూసుకోండి, నమ్మకం మీద వదిలేయకండి. ఒక అకౌంట్‌కి ఒక్క పీఎస్5లోనే ఇది ఆన్‌లో ఉంటుంది. ఇది ఆన్ చేస్తే రెండు లాభాలు, ఒకటి నెట్ లేకపోయినా మీ గేమ్స్ తెరుచుకుంటాయి, రెండోది అదే కన్సోల్‌లో మీ తమ్ముడికో పిల్లలకో వేరే యూజర్ ఉంటే వాళ్ళు కూడా మీ గేమ్స్ ఆడుకోవచ్చు.

పీఎస్4లో దీని పేరు వేరు. సెట్టింగ్స్, అకౌంట్ మేనేజ్‌మెంట్, 'యాక్టివేట్ యాజ్ యువర్ ప్రైమరీ పీఎస్4'. పీఎస్4కి ఒకటి, పీఎస్5కి ఒకటి విడివిడిగా ఉంటాయి కాబట్టి ఇంట్లో రెండూ ఉంటే రెండింట్లోనూ ఆన్ పెట్టుకోవచ్చు, ఒకదానివల్ల ఇంకోటి పోదు.

పాత కన్సోల్ అమ్మేశారు, ఇప్పుడది ఎవరి దగ్గరుందో తెలియదు, అప్పుడేం చేయాలి? ప్లేస్టేషన్ వెబ్‌సైట్‌లో మీ అకౌంట్‌లోకి వెళ్తే డివైస్‌లన్నీ ఒకేసారి డీయాక్టివేట్ చేసే ఆప్షన్ ఉంటుంది, కానీ అది ఆరు నెలలకి ఒక్కసారే పనిచేస్తుంది కాబట్టి సరదాకి నొక్కకండి. కన్సోల్ అమ్మే రోజున, కొనేవాడు గుమ్మంలో నిలబడి తొందర పెడుతున్నా సరే, ముందు ఈ సెట్టింగ్ తీసేసి ఆ తర్వాతే అకౌంట్ తీసేయండి.

రెండు కన్సోల్స్ ఉన్నవాళ్ళకి ఒక కిటుకు. చాలామంది ఎక్కువ ఆడే కన్సోల్‌లో ఈ సెట్టింగ్ ఆన్ పెడతారు, అది తిరకాసు. మీ అకౌంట్‌తో లాగిన్ అయి నెట్ ఉంటే మీ గేమ్స్ ఏ కన్సోల్‌లోనైనా మీకు తెరుచుకుంటాయి. అందుకే నెట్ బాగా ఉండే హైదరాబాద్ కన్సోల్‌కి ఈ సెట్టింగ్ అవసరం లేదు, నెట్ లేని ఊళ్ళో కన్సోల్‌కి ఆన్ పెట్టండి. అప్పుడు ఊళ్ళో పిల్లలు నెట్ లేకుండా ఆడుకుంటారు, మీరు ఇక్కడ నెట్‌తో ఆడుకుంటారు, ఒక్కసారి కొన్న గేమ్ రెండు చోట్లా నడుస్తుంది. ఎక్స్‌బాక్స్‌కి కూడా ఇదే లెక్క.

ఇంకో మాట చెప్పి తీరాలి. నాలుగు వేల గేమ్ ఎనిమిది వందలకే అంటూ 'ప్రైమరీ', 'సెకండరీ' అని అకౌంట్లు అమ్మేవాళ్ళు టెలిగ్రామ్‌లో, ఇన్‌స్టాలో బోలెడంతమంది. అది కంపెనీ రూల్స్‌కి విరుద్ధం, అకౌంట్ ఎప్పుడైనా బ్లాక్ అవ్వొచ్చు, ఆ సంగతి అలా ఉంచినా సెకండరీ అంటే అర్థం ఏంటంటే ఆ అకౌంట్‌కి సొంతిల్లు వేరే వాడి కన్సోల్ అని. నెట్ లేకపోతే అది మీ దగ్గర తెరుచుకోనే తెరుచుకోదు. ప్రైమరీ అని అమ్మింది కూడా ఆ అమ్మినవాడు వెబ్‌సైట్‌లోంచి ఒక్క నొక్కుతో తీసేయగలడు. దాచుకున్న పాకెట్ మనీ తీసుకెళ్ళి పిల్లలు అక్కడ పోస్తున్నారు, మీ ఇంట్లో ఎవరైనా ఉంటే కూర్చోబెట్టి చెప్పండి.

మూడో పని: డౌన్‌లోడ్ పూర్తిగా అవ్వాలి, పూర్తిగా అంటే పూర్తిగా

వంద జీబీ గేమ్ అనుకుందాం. 100 ఎంబీపీఎస్ లైన్ మీద రెండుంబావు గంటలు పడుతుంది. 30 ఎంబీపీఎస్ ప్లాన్ మీద దాదాపు ఏడున్నర గంటలు, అదీ ఇంట్లో ఇంకెవరూ వీడియోలు చూడకపోతే. ఫోన్‌లో రోజుకి 2 జీబీ ప్యాక్ మీద లాగుదాం అనుకుంటే 50 రోజులు. కాబట్టి బయల్దేరే రోజు సాయంత్రం మొదలుపెట్టే పని కాదిది, కనీసం మూడు రోజుల ముందు పెట్టండి. పీఎస్5లో సెట్టింగ్స్, సిస్టమ్, పవర్ సేవింగ్‌లో రెస్ట్ మోడ్‌లో (కన్సోల్ పూర్తిగా ఆగకుండా నిద్రపోయే పద్ధతి) నెట్ ఆన్‌లో ఉండే ఆప్షన్ పెట్టుకుంటే రాత్రంతా అదే లాక్కుంటుంది.

జాగా కూడా చూసుకోండి. మొదట్లో వచ్చిన పీఎస్5లో 825 జీబీ అని రాసి ఉన్నా మనకి వాడుకోవడానికి మిగిలేది 667 జీబీయే, ఆరేడు పెద్ద గేమ్స్‌తో నిండిపోతుంది. పీఎస్4లో అయితే అప్‌డేట్ పడేటప్పుడు పాత గేమ్ పక్కన కొత్త కాపీ తయారుచేసుకుంటుంది, అందుకని గేమ్ సైజు అంత ఖాళీ ఇంకా ఉంచాలి.

ఇక్కడో ఉచ్చు ఉంది. చాలా గేమ్స్ సగం డౌన్‌లోడ్ కాగానే 'ప్లే' బటన్ చూపించేస్తాయి. మనం తెరుస్తాం, మెనూ వస్తుంది, మొదటి లెవెల్ కూడా వస్తుంది, అబ్బ అయిపోయింది అనుకుని వైర్ పీకేస్తాం. ఊరెళ్ళాక మొదటి లెవెల్ అవగానే 'ఇన్‌స్టాల్ అవుతోంది, ఆగండి' అని ఆగిపోతుంది, ఇంక ఎన్ని రోజులు ఆగినా అంతే. అందుకే డౌన్‌లోడ్స్ లిస్టులోకి వెళ్ళి అక్కడ ఏదీ మిగల్లేదని చూడండి. తర్వాత హోమ్‌లో గేమ్ మీద ఆప్షన్స్ బటన్ నొక్కి 'చెక్ ఫర్ అప్‌డేట్' కొట్టండి. అదే మెనూలో మేనేజ్ గేమ్ కంటెంట్ అని ఉంటే తెరవండి, కొన్ని గేమ్స్‌లో స్టోరీ వేరు, మల్టీప్లేయర్ వేరు ముక్కలుగా ఉంటాయి, మీకు కావాల్సిన స్టోరీ ముక్క దిగకుండా మల్టీప్లేయర్ ముక్క మాత్రమే దిగి ఉండొచ్చు. డీఎల్‌సీ, అంటే గేమ్‌కి విడిగా అమ్మే అదనపు భాగం, కొనుంటే అదీ విడిగా దిగాలి.

డిస్క్ ఉంది కదా నాకేం అనుకునేవాళ్ళు కూడా ఇది చదవండి. డిస్క్ ఉంటే లైసెన్స్ బాధ లేదు, డిస్కే తాళంచెవి, ఎవరి యూజర్‌లోనైనా ఆడొచ్చు. కానీ డిస్క్ మీద ఉన్నది గేమ్ విడుదలైన రోజుకి ముందు ముద్రించిన వెర్షన్, తర్వాత వచ్చిన రిపేర్లన్నీ నెట్ నుంచే రావాలి, అవి లేకపోతే కొన్ని గేమ్స్ మధ్యలో ఆగిపోతాయి. కాబట్టి డిస్క్ గేమ్ కూడా ఇంట్లోనే ఒకసారి ఇన్‌స్టాల్ చేసి అప్‌డేట్ ఎక్కించుకోండి. అమెరికాలో ఉన్న అన్నయ్యో బావో వచ్చేటప్పుడు డిస్క్ తెచ్చిస్తే ప్లేస్టేషన్‌లో అది మన కన్సోల్‌లో ఆడుతుంది, కానీ దానికి మన ఇండియా స్టోర్‌లో డీఎల్‌సీ కొంటే కలవదు, డిస్క్ ఏ దేశానిదో డీఎల్‌సీ కూడా ఆ దేశం స్టోర్‌దే అయ్యుండాలి. విడిగా డిస్క్ డ్రైవ్ తగిలించుకునే పీఎస్5 స్లిమ్ లాంటివి ఉన్నవాళ్ళు ఇంకోటి గుర్తుపెట్టుకోండి, ఆ డ్రైవ్ మొదటిసారి పెట్టినప్పుడు కన్సోల్‌తో జత కలవడానికి నెట్ కావాలి, ఊళ్ళో పెట్టెలోంచి తీసి తగిలిద్దాం అనుకుంటే పనవ్వదు.

నాలుగో పని: ప్రతి గేమూ ఒకసారి తెరిచి పది నిమిషాలు ఆడండి

దీన్ని ఎవరూ పట్టించుకోరు. మొదటిసారి తెరిచినప్పుడు కొన్ని గేమ్స్ ఏవో షరతులు ఒప్పుకోమంటాయి, కొన్ని వాటి కంపెనీ అకౌంట్‌తో లాగిన్ అవ్వమంటాయి, కొన్ని లోపలికి వెళ్ళాక ఇంకో రెండు మూడు జీబీ దించుకుంటాయి. అవన్నీ నెట్ ఉన్నప్పుడే అయిపోవాలి. మెనూలో ఆగకుండా ఆటలోకి వెళ్ళి, బొమ్మ కదిలేదాకా ఆడి, సేవ్ పడిందాకా చూసి బయటికి రండి.

ఐదో పని: ఇంట్లోనే నెట్ పీకేసి చూడండి

ఈ ఒక్క పని చేసుంటే ఆ భోగి రోజు నా కథ వేరేగా ఉండేది. మిగతావన్నీ మర్చిపోయినా దీన్ని మాత్రం మర్చిపోకండి.

పీఎస్5లో సెట్టింగ్స్, నెట్‌వర్క్, సెట్టింగ్స్‌లో 'కనెక్ట్ టు ద ఇంటర్నెట్' ఆఫ్ చేయండి. తర్వాత కన్సోల్‌ని రెస్ట్ మోడ్‌లో కాకుండా పూర్తిగా ఆపేసి మళ్ళీ ఆన్ చేయండి, ఎందుకంటే నెట్ ఉన్నప్పుడు తెరిచిన గేమ్ అలాగే పడుకుని లేస్తే మనకి అసలు సంగతి తెలియదు. ఇప్పుడు తీసుకెళ్ళే గేమ్స్ అన్నీ వరసగా తెరవండి. మీ యూజర్‌లో తెరవండి, పిల్లల యూజర్‌లో కూడా తెరవండి, డీఎల్‌సీ ఉంటే అందులోకి కూడా వెళ్ళి చూడండి. ఎక్కడైనా తాళం కనిపిస్తే నెట్ మళ్ళీ ఆన్ చేసి సెట్టింగ్స్, యూజర్స్ అండ్ అకౌంట్స్, అదర్‌లో 'రిస్టోర్ లైసెన్సెస్' నొక్కండి, చాలాసార్లు దాంతోనే పోతుంది. మళ్ళీ నెట్ తీసేసి మళ్ళీ చూడండి. పీఎస్4లో ఇది అకౌంట్ మేనేజ్‌మెంట్ కిందే ఉంటుంది.

అరగంట పని. ఇది అయ్యాక ఇంక కన్సోల్‌ని నెట్‌కి తగిలించకండి, అలాగే ప్యాక్ చేసేయండి. తగిలిస్తే ఇంకేదో అప్‌డేట్ సగం దిగి, దానివల్ల గేమ్ తెరుచుకోకుండా పోయే ప్రమాదం ఉంది.

ఎక్స్‌బాక్స్ వాళ్ళకి

ఎక్స్‌బాక్స్‌లో సెట్టింగ్స్, జనరల్, పర్సనలైజేషన్, 'మై హోమ్ ఎక్స్‌బాక్స్'. అందులో ఈ కన్సోల్‌ని హోమ్ చేయండి. ఏడాదిలో 5 సార్లే మార్చుకోవచ్చు కాబట్టి ఊరికి వెళ్ళేటప్పుడొకటి వచ్చేటప్పుడొకటి అని మార్చుకుంటూ పోకండి. నెట్ తీసి చూడాలంటే జనరల్‌లోనే నెట్‌వర్క్ సెట్టింగ్స్‌లో 'గో ఆఫ్‌లైన్' ఉంది. 2013లో ఎక్స్‌బాక్స్ వన్ ప్రకటించినప్పుడు రోజుకోసారి కన్సోల్ నెట్‌కి తగలాల్సిందే అని పెట్టారు, జనం గోల చేసేసరికి అదే ఏడాది జూన్ 19న ఆ రూల్ వెనక్కి తీసుకున్నారు, అందుకే ఇవాళ ఇంత సులభంగా ఆడుకోగలుగుతున్నాం.

రెండు జాగ్రత్తలు. కొత్త ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎక్స్ కానీ ఎస్ కానీ పెట్టెలోంచి తీశాక మొదటి సెటప్‌కి నెట్ కావాలి, పుట్టినరోజు కానుకగా ఊరికి తీసుకెళ్ళి అక్కడ విప్పుదాం అనుకుంటే పిల్లాడు బాధపడతాడు, ఇక్కడే విప్పి సెటప్ చేసి మళ్ళీ పెట్టెలో పెట్టండి. పాత ఎక్స్‌బాక్స్ 360 డిస్క్‌లు కొత్త కన్సోల్‌లో పెడితే గేమ్ డిస్క్‌లోంచి రాదు, నెట్ నుంచి మొత్తం దిగుతుంది, డిస్క్ కేవలం చూపించడానికే. 360 స్టోర్ కూడా 2024 జూలై 29న మూసేశారు, అందులో కొన్న గేమ్స్ మీ కన్సోల్‌లో లేకపోతే ఇప్పుడే దించి దాచుకోండి.

నింటెండో స్విచ్

మన దగ్గర స్విచ్ చాలావరకు బయటి దేశాల నుంచి తెచ్చి అమ్మే షాపుల్లోనే దొరుకుతుంది. ప్రయాణానికి దీన్ని మించింది లేదు, టీవీ అక్కర్లేదు, కరెంట్ పోయినా నడుస్తుంది.

2025 ఏప్రిల్ ఆఖర్లో వచ్చిన అప్‌డేట్‌తో ఇందులో పద్ధతి మారింది. ఇప్పుడు కొన్న ప్రతి డిజిటల్ గేమూ ఒక వర్చువల్ గేమ్ కార్డ్, ఆ కార్డ్ ఏ కన్సోల్‌లో లోడ్ అయి ఉంటే అక్కడ నెట్ లేకుండా ఆడొచ్చు. రెండు స్విచ్‌లు ఉంటే ఒక దాంట్లోంచి తీసి ఇంకో దాంట్లో పెట్టడానికి నెట్ కావాలి, అందుకని బయల్దేరే ముందే కార్డ్ ఎక్కడుందో చూసుకోండి. ఫ్యామిలీ గ్రూప్‌లో ఉన్నవాళ్ళకి 14 రోజులు అప్పు కూడా ఇవ్వొచ్చు, సెలవులకి సరిపోతుంది. నింటెండో స్విచ్ ఆన్‌లైన్ అనే సబ్‌స్క్రిప్షన్‌తో వచ్చే పాత గేమ్స్ మాత్రం 7 రోజులకోసారి నెట్ చూడాలి, లేకపోతే ఆగిపోతాయి. స్విచ్ 2కి 'గేమ్ కీ కార్డ్' అని వస్తున్నాయి, చూడ్డానికి మామూలు కార్డ్‌లాగే ఉంటుంది కానీ లోపల గేమ్ ఉండదు, మొదటిసారి నెట్ నుంచి దించాలి, ఆ తర్వాత కార్డ్ పెట్టుకుని నెట్ లేకుండా ఆడొచ్చు.

సబ్‌స్క్రిప్షన్ గేమ్స్ సంగతి

పీఎస్ ప్లస్‌లో (ప్లేస్టేషన్ సబ్‌స్క్రిప్షన్) వచ్చినవి, గేమ్ పాస్‌లో (ఎక్స్‌బాక్స్ సబ్‌స్క్రిప్షన్) వచ్చినవి మనం కొన్నవి కావు, అద్దెవి. సబ్‌స్క్రిప్షన్ నడుస్తున్నంతకాలం ఆఫ్‌లైన్‌లో కూడా తెరుచుకుంటాయి, కానీ కన్సోల్ అప్పుడప్పుడు సర్వర్‌ని అడిగి చూసుకుంటుంది. మీ రెన్యువల్ తారీఖు ఊళ్ళో ఉన్నప్పుడు పడితే బ్యాంకులో డబ్బులు కట్ అయినా కన్సోల్‌కి ఆ సంగతి తెలియదు కదా, నెట్ తగిలేదాకా మూసుకునే ఉంటుంది. అందుకే తారీఖు దగ్గర్లో ఉంటే ముందే రెన్యూ చేసి, కన్సోల్‌ని ఒకసారి ఆన్ చేసి చూసుకుని వెళ్ళండి. నా పద్ధతి చెప్పమంటే, నెట్ లేని చోటికి కనీసం రెండు గేమ్స్ సొంతంగా కొన్నవి పెట్టుకుంటా, అద్దెవి పైన అదనం అంతే.

ఊళ్ళోనే కన్సోల్ ఉండి, అక్కడ నెట్ అసలు లేకపోతే

దీనికి హార్డ్ డిస్క్ దారి ఉంది. టౌన్‌లో ఉన్న కన్సోల్‌కి యూఎస్‌బీ హార్డ్ డిస్క్ తగిలించి, గేమ్స్ అందులోకి ఎక్కించి, సెట్టింగ్స్‌లో సేఫ్‌గా తీసే ఆప్షన్ నొక్కి, ఊళ్ళో కన్సోల్‌కి తగిలించడమే. పీఎస్5కి కనీసం 250 జీబీ ఉన్న ఫాస్ట్ యూఎస్‌బీ డ్రైవ్ కావాలి. పీఎస్4 గేమ్స్ అయితే ఆ డ్రైవ్ మీంచే ఆడొచ్చు, పీఎస్5 గేమ్స్ మాత్రం అందులో దాచుకోగలం కానీ ఆడాలంటే లోపలి స్టోరేజ్‌లోకి కాపీ చేయాలి. అదనపు స్టోరేజ్ కోసం లోపల బిగించే ఎం డాట్ 2 కార్డ్‌ని మాత్రం పీకి ఇంకో పీఎస్5లో పెట్టకండి, ఫార్మాట్ అడుగుతుంది, గేమ్స్ అన్నీ పోతాయి.

ఊళ్ళో కన్సోల్ సాఫ్ట్‌వేర్ పాతదైతే గేమ్ తెరవనంటుంది. పీఎస్5, పీఎస్4 రెండింటికీ సిస్టమ్ అప్‌డేట్ ఫైల్ ప్లేస్టేషన్ వెబ్‌సైట్‌లోనే దొరుకుతుంది, ల్యాప్‌టాప్‌లో దించి పెన్‌డ్రైవ్‌లో పెట్టుకోవచ్చు. పెన్‌డ్రైవ్‌లో పీఎస్5కైతే పీఎస్5, పీఎస్4కైతే పీఎస్4 పేరుతో ఒక ఫోల్డర్, దాని లోపల అప్‌డేట్ అని ఇంకో ఫోల్డర్, అందులో ఆ ఫైల్, ఫోల్డర్ పేర్లు ఇంగ్లీష్‌లో అన్నీ పెద్ద అక్షరాలే ఉండాలి. కన్సోల్ ఆఫ్‌లో ఉన్నప్పుడు పవర్ బటన్ రెండో బీప్ వినిపించేదాకా నొక్కి పట్టుకుంటే సేఫ్ మోడ్ వస్తుంది, కంట్రోలర్‌ని వైర్‌తో తగిలించి మూడో ఆప్షన్ తీసుకోండి.

ఇదంతా అయినా లైసెన్స్ కోసం ఒక్కసారి నెట్ తగలాలి. అది కొన్ని ఎంబీల పనే, ఫోన్ హాట్‌స్పాట్ చాలు. మేము ఆ రోజు చేసింది ఇదే. కన్సోల్‌నీ చిన్న టీవీనీ పై గదిలోకి మోసుకెళ్ళి, కిటికీ బయట పిట్టగోడ మీద ఫోన్ పెట్టి, అది పడిపోకుండా పక్కన ఒక ఇటుక ముక్క ఆనించి, రెండు గీతల సిగ్నల్‌తో ముందు పాత కన్సోల్‌ని వెబ్‌సైట్‌లోంచి తీసేశాం, తర్వాత కొత్తదాన్ని సొంతిల్లు చేశాం, తాళం పోయింది. మీరు ఇలా చేసేటప్పుడు హాట్‌స్పాట్ కలిపే ముందే ఆటో అప్‌డేట్ ఆపేయండి, లేకపోతే కలిపిన నిమిషంలో ఏదో పెద్ద అప్‌డేట్ మొదలై మీ ఆ రోజు డేటా అంతా తాగేస్తుంది, అసలు పని అవ్వదు. పీఎస్5లో సేవ్డ్ డేటా అండ్ గేమ్ సెట్టింగ్స్ కింద ఆటోమేటిక్ అప్‌డేట్స్, ఎక్స్‌బాక్స్‌లో సిస్టమ్ కింద అప్‌డేట్స్.

కరెంటు, గడియారం

ఊళ్ళో కరెంటు మీద ఆధారపడి రెస్ట్ మోడ్‌లో వదిలేయకండి, ఆట అయ్యాక పూర్తిగా ఆపండి. హార్డ్ డిస్క్ తగిలించి ఉన్నప్పుడు కరెంటు పోతే డేటా పాడయ్యే అవకాశం ఎక్కువ. పీఎస్5 పెద్ద గేమ్ ఆడేటప్పుడు 200 వాట్ల దాకా లాగుతుంది, దానికి టీవీ కూడా కలిపి ఇన్వర్టర్ మోస్తుందా చూసుకోండి, సైన్ వేవ్ ఇన్వర్టర్ అయితే మంచిది. ఓల్టేజ్ బాగా పడిపోయే చోట స్టెబిలైజర్ లేకుండా పెట్టకండి.

కన్సోల్‌లో తారీఖు, టైమ్ చేత్తో మార్చకండి. సబ్‌స్క్రిప్షన్ లెక్కలన్నీ దాని మీదే. చాలా ఏళ్ళ పాత కన్సోల్‌లో లోపలి గుండ్రటి బ్యాటరీ అయిపోతే ప్లగ్ పీకిన ప్రతిసారీ టైమ్ పోతుంటుంది, అలా కనిపిస్తే ప్రయాణానికి ముందే రిపేర్ షాపులో మార్పించండి.

సేవ్‌లు, తిరిగొచ్చాక

ఆఫ్‌లైన్‌లో ఆడినవన్నీ కన్సోల్‌లోనే సేవ్ అవుతాయి, ట్రోఫీలు కూడా పడతాయి, నెట్ తగిలాక అకౌంట్‌కి చేరతాయి. పీఎస్4 గేమ్ సేవ్‌లు పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు కానీ పీఎస్5 గేమ్ సేవ్‌లకి ఆ వీలు లేదు, పీఎస్ ప్లస్ ఉంటే క్లౌడ్‌లో పెట్టడమే. అందుకని బయల్దేరే ముందు ఒకసారి సేవ్‌లు క్లౌడ్‌కి ఎక్కించండి.

తిరిగొచ్చి నెట్ కలపగానే కొన్నిసార్లు కన్సోల్ అడుగుతుంది, క్లౌడ్‌లో ఉన్న సేవ్ కావాలా, కన్సోల్‌లో ఉన్నది కావాలా అని. తొందరపడి నొక్కకండి. రెండిటి పక్కనా తారీఖు, టైమ్ ఉంటాయి, ఊళ్ళో ఆడిన తారీఖు ఏదో చూసి అదే ఉంచండి. అక్కడ తప్పు నొక్కితే పండగ నాలుగు రోజులూ పిల్లలు కష్టపడి దాటిన లెవెల్స్ అన్నీ తుడిచిపెట్టుకుపోతాయి. పిల్లల యూజర్ సేవ్‌లు విడిగా ఉంటాయి, వాళ్ళ యూజర్‌లోకి వెళ్ళి వాటికి కూడా ఇదే చూడండి, ఆ తర్వాతే ఆటో అప్‌డేట్ మళ్ళీ ఆన్ చేయండి.